సుదీర్ఘ యుద్ధం మీద టీవీ సిరీస్: ఫుటేజ్ దొరికితే సగం పని అయిపోయినట్టేనా?

మీరు అడిగినవి రెండు ప్రశ్నలు. 2017 సెప్టెంబర్‌లో అమెరికాలో పీబీఎస్ అనే పబ్లిక్ టీవీలో వచ్చిన కెన్ బర్న్స్, లిన్ నోవిక్‌ల ‘ది వియత్నాం వార్’ పది భాగాలు, 18 గంటలు. దానికి పదేళ్లకు పైగా సమయం, దాదాపు 3 కోట్ల డాలర్లు ఎందుకు పట్టాయన్నది మొదటిది. మీరూ మీ ఇద్దరు ఫ్రెండ్సూ కలిసి శ్రీలంక అంతర్యుద్ధం మీద తెలుగులో ఆరు భాగాలు తీద్దామనుకుంటున్నారు, పాత ఫుటేజ్ సంపాదించగలిగితే ఏడాదిలో పూర్తవుతుందా అన్నది రెండోది. నేను చాలా ఏళ్లుగా డాక్యుమెంటరీలకు ఆర్కైవ్ రీసెర్చ్, ఎడిటింగ్ చేస్తున్నాను. బర్న్స్ టీమ్‌తో పనిచేయలేదు కాబట్టి వాళ్ల సిరీస్ గురించి చెప్పేదంతా తెర మీద కనిపించినదాన్ని బట్టీ, వాళ్లు బయట చెప్పినదాన్ని బట్టీ చెప్తున్నదే.

ముందు రెండోదానికి జవాబు చెప్పేస్తాను: ఏడాదిలో అవదు. ఫుటేజ్ దొరక్క కాదు, ఈ రోజుల్లో అది దొరుకుతుంది. దొరికిన ఫుటేజ్ మిమ్మల్ని ఎటు లాక్కుపోతోందో కనిపెట్టడానికీ, కనిపెట్టాక ఎదురీదడానికీ ఏళ్లు పడుతుంది. నీరు పల్లమెరుగు అంటారు కదా, ఎడిటింగ్ టేబుల్ మీద కథ కూడా అంతే, ఎవరి బొమ్మలు ఎక్కువుంటే అటే పారుతుంది. మొదటి ప్రశ్నకు జవాబు కూడా చాలావరకు ఇందులోనే ఉంది.

వియత్నాం సంగతే చూడండి. అమెరికా సైన్యం తన సొంత కెమెరామెన్లను పంపింది, దానికోసం 1962లో ఒక ప్రత్యేక విభాగమే పెట్టింది. మెరైన్లకు వేరే, ఎయిర్‌ఫోర్స్‌కు వేరే. ఆ రీళ్లు మేరీలాండ్‌లోని కాలేజ్ పార్క్‌లో నేషనల్ ఆర్కైవ్స్‌లో భద్రంగా ఉన్నాయి, ప్రభుత్వ ఉద్యోగులు డ్యూటీలో భాగంగా తీసినవి కాబట్టి కాపీరైట్ కూడా ఉండదు. దీనికి తోడు సీబీఎస్, ఎన్‌బీసీ, ఏబీసీ టీవీ ఛానెళ్ల వార్తల విభాగాలు. అంటే అమెరికన్ కుర్రాడు హెలికాప్టర్ దిగడం, వరిమడిలో నడుం దాకా దిగబడి నడవడం, ఇంటి నుంచి వచ్చిన ఉత్తరం చదువుకోవడం, గాయపడి స్ట్రెచర్ మీద పోవడం, అన్నీ కలర్‌లో, రకరకాల కోణాల్లో మీ ముందుంటాయి. ఉత్తర వియత్నాం వైపు కెమెరాలు తక్కువ, ఫిల్ము ఇంకా తక్కువ. వాళ్ల ఫొటోగ్రాఫర్లు రాత్రిపూట అడవిలో వాగు నీళ్లతో ఫిల్ము కడుక్కున్న సందర్భాలున్నాయి. అలాంటి స్థితిలో తీసిన ప్రతి ఫ్రేమూ జనానికి ధైర్యం నూరిపోయడానికే, నీరసంగా కూర్చున్న సైనికుడి మీద ఫిల్ము వేస్ట్ చెయ్యరు. ఇక అమెరికా పక్షాన పోరాడిన దక్షిణ వియత్నాం సైన్యం పరిస్థితి మరీ అన్యాయం. 1975 ఏప్రిల్ 30న వాళ్ల దేశమే లేకుండా పోయింది, దొరికితే ఏం చేస్తారోనన్న భయంతో కుటుంబాలు తమ ఇళ్లలో ఉన్న యూనిఫాం ఫొటోలను తామే తగలబెట్టుకున్నాయి.

ఇప్పుడు ఎడిటర్‌గా మీరు నిజాయితీగా, ఏ పక్షపాతమూ లేకుండా కూర్చుని రఫ్ కట్, అంటే తొలి ముడి కూర్పు, వెయ్యండి. అమెరికన్ మనిషిగా కనిపిస్తాడు, ఉత్తర వియత్నాం సైనికుడు పోస్టర్‌లా కనిపిస్తాడు, దక్షిణ వియత్నాం సైనికుడు అసలు కనిపించడు. ఇది మీరు తీసుకున్న నిర్ణయం కాదు, కానీ తెర మీద మీ నిర్ణయంలాగే ఉంటుంది. బర్న్స్ టీమ్‌కు ఈ సంగతి బాగా తెలుసు, అందుకే దాదాపు 80 మందితో మాట్లాడి వాళ్లలో వియత్నామీయులకు గట్టి చోటిచ్చింది. ఉత్తరం తరఫున పోరాడి తర్వాత నవలాకారుడైన బావో నిన్, టీనేజ్‌లోనే ఉత్తరం నుంచి దక్షిణానికి సరఫరాలు పంపే హో చి మిన్ దారిలో వాలంటీర్‌గా పనిచేసి తర్వాత రచయిత్రి అయిన లె మిన్ ఖ్వే, సొంత అక్కే అవతలి పక్షంలో చేరిపోయిన ఇంట్లో పుట్టిన డువాంగ్ వాన్ మై ఎలియట్. ఇంత చేసినా, సిరీస్ వచ్చాక అమెరికాలో స్థిరపడ్డ దక్షిణ వియత్నాం మాజీ సైనికులు చాలామంది తమ పోరాటాన్ని చిన్నచూపు చూశారని బాధపడ్డారు, ఆ బాధలో న్యాయం ఉందని నా అభిప్రాయం. పదేళ్లు ఎదురీదిన తర్వాత కూడా ఆ పల్లం పూర్తిగా పూడలేదు.

రెండో పెద్ద పని ఏమిటంటే, బొమ్మ చెప్తున్నది నిజమేనా అని అడగడం. 1954 మే 7న డియన్ బియన్ ఫూలో ఫ్రెంచ్ సైన్యం లొంగిపోయింది, ఫ్రెంచ్ కమాండర్ డి కాస్ట్రీ బంకర్ మీద వియత్ మిన్ (ఫ్రెంచ్‌వాళ్ల మీద పోరాడిన వియత్నాం దళం) సైనికుడు జెండా ఊపే షాట్ మీరు చూసే ఉంటారు. అది ఆ రోజు తీసింది కాదు. సోవియట్ దర్శకుడు రోమన్ కార్మెన్ యుద్ధం ముగిశాక వచ్చి, సైనికులతో మళ్లీ చేయించి తీసింది. వాడకూడదని నేననను, వాడండి, కానీ ‘మే 7 సాయంత్రం’ అని వాయిస్ ఓవర్ నడుస్తుండగా కింద అది వెయ్యకండి. ఇలాంటి గొడవ కొత్తదేం కాదు. 1964లో బీబీసీ మొదటి ప్రపంచ యుద్ధం మీద 26 భాగాల సిరీస్ తీసినప్పుడు, కెమెరా కోసం నటించి తీసిన షాట్లను అసలు యుద్ధంలా చూపిస్తున్నారని సిరీస్‌లో భాగస్వామిగా ఉన్న ఇంపీరియల్ వార్ మ్యూజియం డైరెక్టరే అభ్యంతరం చెప్పాడు.

ఇంకోటి, సైగాన్ పడిపోయిన రోజుల ఫొటో. మేడ మీద చిన్న హెలికాప్టర్, నిచ్చెన మీద జనం బారులు తీరి ఎక్కుతున్నారు. 1975 ఏప్రిల్ 29న హ్యూబర్ట్ వాన్ ఎస్ తీశాడు. ఇప్పటికీ సగం చోట్ల దాని కింద ‘అమెరికా ఎంబసీ’ అని రాస్తారు. అది ఎంబసీ కాదు, జియా లాంగ్ వీధిలో 22వ నంబరు అపార్ట్‌మెంట్ భవనం, సీఐఏ వాళ్లు ఉండేది. ఆ మర్నాటి సంగతి ఇంకా ఆసక్తిగా ఉంటుంది. అధ్యక్ష భవనం గేటు బద్దలుకొట్టి ముందు దూసుకెళ్లింది 843 నంబర్ ట్యాంకు అని వియత్నాంలో ఏళ్ల తరబడి చెప్పుకున్నారు. ఫ్రెంచ్ ఫొటోగ్రాఫర్ ఫ్రాన్స్వాజ్ దెముల్దేర్ ఆ క్షణంలో తీసిన ఫొటో 1990లలో వెలుగులోకి వచ్చాక తేలిందేమిటంటే, 843 పక్క గేటు దగ్గర ఆగిపోయింది, మెయిన్ గేటును గుద్ది లోపలికి పోయింది 390. భవనం మీద జెండా ఎగరేసింది మాత్రం 843 కమాండరే, ఆ గౌరవం అలాగే ఉంది. గెలిచిన పక్షం, తాను గెలుచుకున్న నగరంలో, తన విజయోత్సవ ఘట్టంలోనే ఎవరు ముందో ఇరవై ఏళ్లు పొరబడితే, ఏదో ఊళ్లో రాత్రిపూట జరిగిన కాల్పుల గురించి మీ చేతికొచ్చిన క్యాప్షన్‌ను ఎంత నమ్మాలో ఆలోచించండి.

క్యాప్షన్ మీద అనుమానం వస్తే బొమ్మలోని వస్తువులను చూడాలి. వియత్నాం ఫుటేజ్‌లో తుపాకీ చూస్తే చాలా తెలుస్తుంది. మెరైన్లు 1965 మార్చి 8న డా నాంగ్ తీరంలో దిగినప్పుడు వాళ్ల చేతుల్లో ఉన్నది ఎం-14, చెక్క బట్ ఉన్న పొడుగాటి రైఫిల్. నల్లటి ఎం-16 మెరైన్ల చేతికి విరివిగా వచ్చింది 1967లోనే. కాబట్టి ‘1965, మెరైన్లు’ అని రాసున్న రీల్లో అందరి చేతుల్లోనూ ఎం-16 ఉంటే ఆ రాత తప్పు, షాట్ ఎంత బాగున్నా పక్కన పెట్టాల్సిందే. అదే ఏడాది నవంబర్‌లో ఇయా డ్రాంగ్‌లో పోరాడిన ఆర్మీ ఫస్ట్ కావల్రీ దగ్గర మాత్రం ఎం-16లు ఉన్నాయి, అంటే ఏడాది ఒక్కటీ సరిపోదు, ఏ దళమో కూడా తేలాలి. ఒక్కో షాట్‌కి ఇలా కూర్చుంటే 18 గంటలకు ఎంత టైం పడుతుందో మీరే లెక్కేసుకోండి. దీన్ని ప్రేక్షకుల్లో చాలామంది గమనించరు, నిజమే. కానీ అక్కడ పోరాడినవాడు గమనిస్తాడు, గమనించిన క్షణం నుంచి మీరు చెప్పే ఏ మాటా నమ్మడు.

శబ్దం సంగతి చాలామందికి తెలియదు, చెప్తాను. వియత్నాం యుద్ధరంగంలో తీసిన ఫిల్ములో పెద్ద భాగం మూగది. చేత్తో కీ తిప్పి నడిపే 16 ఎంఎం కెమెరాల్లో వంద అడుగుల రీలు వేస్తే మూడు నిమిషాలు కూడా రాదు, శబ్దం రికార్డు కాదు. సౌండ్ కెమెరాలు బరువు, పక్కన సౌండ్ మనిషి కూడా ఉండాలి. అందుకే రిపోర్టర్ మైకు పట్టుకుని మాట్లాడేటప్పుడు శబ్దం ఉంటుంది, పొదలోంచి తూటాలు వచ్చేటప్పుడు ఉండదు. మీరు డాక్యుమెంటరీల్లో వినే కాల్పులు, హెలికాప్టర్ రెక్కల చప్పుడు, ఆర్తనాదాలు చాలావరకు తర్వాత స్టూడియోలో వేసినవి. నా వరకు హద్దు ఇది: తుపాకీ, వాహనం, వాన, పురుగుల రొద వెయ్యొచ్చు, అవి అక్కడ కచ్చితంగా ఉన్నవే, ఆ కాలపు సరైన తుపాకీ చప్పుడే వెయ్యాలి. మనిషి గొంతు మాత్రం వెయ్యకూడదు. మూగ రీల్లో ఏడుస్తున్న తల్లికి స్టూడియోలో వేరే ఆవిడ చేత ఏడిపించి పెట్టడం నేను ఒప్పుకోను, దానికి ఎవరెన్ని కారణాలు చెప్పినా సరే. నిశ్శబ్దంగా వదిలేయండి, చూసేవాళ్లకు అందుతుంది.

ఆర్కైవ్‌లో ఏముందన్నదే కాదు, ఏది అందులోకి రాలేదన్నది కూడా వెతకాలి. దీనికి మై లాయ్ కంటే స్పష్టమైన ఉదాహరణ నాకు తెలియదు. 1968 మార్చి 16న అమెరికన్ సైనికులు ఆ ఊళ్లో ఆడవాళ్లను, పిల్లలను, ముసలివాళ్లను చంపారు, వియత్నాం లెక్క ప్రకారం 504 మంది. వాళ్లతో వెళ్లిన ఆర్మీ ఫొటోగ్రాఫర్ రొనాల్డ్ హేబర్లే దగ్గర రెండు రకాల కెమెరాలున్నాయి. సైన్యం ఇచ్చినదాంట్లో బ్లాక్ అండ్ వైట్ ఫిల్ము, అది డ్యూటీ ముగిశాక ఆఫీసుకు అప్పజెప్పేయాలి. సొంత కెమెరాలో కలర్ ఫిల్ము. శవాలున్నది ఆ కలర్ ఫిల్ములో. సైన్యానికి చేరిన ఫొటోల్లో అదొక మామూలు ఆపరేషన్‌లాగే ఉంది. 1969 నవంబర్‌లో క్లీవ్‌ల్యాండ్ పత్రికలో ఆ కలర్ ఫొటోలు అచ్చయ్యాకే లోకం వాటిని చూసింది. అదే మనిషి, అదే ఉదయం, అదే ఊరు, రెండు కెమెరాల్లో రెండు వేర్వేరు రోజులు. ప్రభుత్వ ఆర్కైవ్ ఒక్కదాన్నే నమ్ముకుని ఆ రోజు గురించి ఎపిసోడ్ తీసి ఉంటే ఏమయ్యేదో ఊహించుకోండి. అందుకే ఇళ్లలో బీరువాల్లో, ట్రంకు పెట్టెల్లో ఉన్న ఫొటోల కోసం ఏళ్ల తరబడి తిరగాల్సి వస్తుంది, అవి ఫోన్ చేస్తే రావు. మనిషి మిమ్మల్ని నమ్మితేనే పెట్టె తెరుస్తాడు.

ఇంటర్వ్యూల గురించి. బర్న్స్, నోవిక్ తీసుకున్న నిర్ణయాల్లో నాకు బాగా నచ్చినది, పేరు మోసిన నాయకులను కెమెరా ముందు కూర్చోబెట్టకపోవడం. కిసింజర్ లేడు, జాన్ మెకెయిన్ లేడు, జాన్ కెర్రీ లేడు. వాళ్లు దశాబ్దాలుగా తమ కథను సాన పెట్టుకుంటూ వచ్చారు, అడిగితే ఆ సాన పెట్టిన కథే చెప్తారు. దీనికి మూల్యం కూడా ఉంది, నిర్ణయాలు తీసుకున్నవాళ్లు ప్రశ్న ఎదుర్కోకుండా తప్పించుకుంటారు. 1983లో బోస్టన్ పబ్లిక్ టీవీ వాళ్లు తీసిన 13 భాగాల సిరీస్ దీనికి ఎదురు దారిలో వెళ్లింది, వియత్నాంలో అమెరికా సేనలను నడిపిన జనరల్ వెస్ట్‌మోర్లండ్, అప్పటి అమెరికా విదేశాంగ మంత్రి డీన్ రస్క్, ఉత్తర వియత్నాం జనరల్ జాప్ లాంటివాళ్లను కూర్చోబెట్టి అడిగింది. యుద్ధం ముగిసి అప్పటికి ఎనిమిదేళ్లే, వాళ్లంతా బతికున్నారు, అప్పుడు అది చేయకపోతే ఇంకెప్పటికీ కుదరదు. ఆ ఇంటర్వ్యూలు చాలావరకు పూర్తి నిడివితో ఆ సంస్థ ఆన్‌లైన్‌లో పెట్టింది, మీరు తప్పకుండా చూడండి. ఎపిసోడ్‌లో వాడుకున్న అర నిమిషం కోసం ఎంతసేపు మాట్లాడారో, ఏ ప్రశ్నకు మనిషి సర్దుకు కూర్చున్నాడో తెలుస్తుంది. కాబట్టి నాయకులా, సామాన్యులా అన్నది సిద్ధాంతం కాదు, మీరు యుద్ధం ముగిసిన ఎన్నేళ్లకు తీస్తున్నారన్న లెక్క.

సామాన్యుల కథ నడపడంలో బర్న్స్ సిరీస్‌లో ఒక చోట ఎడిటింగ్ చూసి చాలా నేర్చుకోవచ్చు. న్యూయార్క్ రాష్ట్రం సరటోగా స్ప్రింగ్స్ కుర్రాడు మోగీ క్రాకర్ కథ. వాళ్లమ్మ, చెల్లెలు మాట్లాడుతుంటారు, చిన్నప్పటి ఫొటోలు వస్తాయి, సైన్యంలో చేరాలని అతను పట్టుబట్టడం, ఉత్తరాలు, అన్నీ ఒక్కసారిగా కాకుండా ఒక్కో ఎపిసోడ్‌లో కొంచెం కొంచెంగా వస్తాయి. మధ్యమధ్యలో బతికి బయటపడ్డ జాన్ మస్‌గ్రేవ్ లాంటివాళ్లు కెమెరా ముందు తమ కథ తామే చెప్తుంటారు. అందరి గురించీ వాళ్లే చెప్తుంటే ఈ అబ్బాయి గురించి మాత్రం ఎప్పుడూ వేరేవాళ్లే చెప్తున్నారన్నది మనకు చాలాసేపు తట్టదు. 1966 జూన్‌లో, 19 ఏళ్ల వయసులో అతను చనిపోయాడని విన్నప్పుడు, ఇంతసేపూ అతని గొంతు ఎందుకు వినలేదో అప్పుడు అర్థమవుతుంది. ఇందులో ఏ ట్రిక్కూ లేదు, సంగీతంతో కొట్టడం లేదు, ఉన్న మెటీరియల్‌ను సరైన వరసలో పెట్టి గంటల తరబడి ఓపిక పట్టడం ఒక్కటే. ఇలాంటి కథను ఎన్ని ఎపిసోడ్ల మీద పరచాలి, ఎక్కడ ఆపాలి అన్నది స్క్రిప్టులో రాసుకుంటే తేలదు, కట్ చేసి, మళ్లీ కట్ చేసి, బయటివాళ్లకు చూపించి తేల్చుకోవాలి.

వాయిస్ ఓవర్ జోలికి వస్తే, ఆ సిరీస్‌లో జెఫ్రీ వార్డ్ రాసినది, పీటర్ కొయోటీ చదివినది మొత్తం మీద చాలా పొదుపుగా ఉంటుంది. కానీ మొదట్లోనే ఒక వాక్యం ఉంది: మంచివాళ్లు, సదుద్దేశంతో, అపార్థాల వల్ల మొదలుపెట్టిన యుద్ధం అనే అర్థంలో. చరిత్రకారులు ఎంతోమంది ఆ వాక్యం దగ్గరే ఆగి పోట్లాడారు. వాళ్లతో నేనూ ఏకీభవిస్తాను. సదుద్దేశం అన్నది ఫుటేజ్‌లో కనిపించేది కాదు, రాసినవాళ్లు ఇచ్చిన తీర్పు. అదే సిరీస్‌లో అధ్యక్షుల టెలిఫోన్ టేపులు వచ్చేచోట చూడండి, ఏ తీర్పూ అక్కర్లేదు. 1964 మే 27న జాన్సన్ ఫోన్‌లో తన సలహాదారు బండీతో, అసలు వియత్నాం నాకేం విలువ, ఈ దేశానికేం విలువ అని వాపోతాడు. ఆగస్టు వచ్చేసరికి టోంకిన్ సింధుశాఖలో అమెరికా ఓడల మీద ఉత్తర వియత్నాం దాడి చేసిందంటూ ఎదురుదాడి అంటారు, ఆగస్టు 4న జరిగిందని చెప్పిన రెండో దాడి అసలు జరగనే లేదు, అయినా 7వ తేదీకల్లా అమెరికన్ కాంగ్రెస్ తీర్మానం చేసి ఆయన చేతిలో పెట్టింది. ఈ రెంటినీ పక్కపక్కన పెడితే చూసేవాడే తీర్పు చెప్పుకుంటాడు. మీ స్క్రిప్టులో విశేషణం కనిపించిన ప్రతిచోటా, దీనికి ఆధారం ఎక్కడుంది అని పక్కన రాసుకోండి. ఆధారం లేకపోతే తీసేయండి.

ఇప్పుడు మీ శ్రీలంక సిరీస్. కథ ఏ ఏడాదితో మొదలుపెడతారన్నది మీరు తీసుకోబోయే అతి పెద్ద నిర్ణయం, అది తేదీలాగే కనిపిస్తుంది కానీ అదే తీర్పు. 1983 జూలై 23న పులులు (తమిళులకు వేరే దేశం కోసం పోరాడిన ఎల్‌టీటీఈ) 13 మంది శ్రీలంక సైనికులను చంపిన దాడితో మొదలుపెడితే పులులు మొదలుపెట్టిన యుద్ధమవుతుంది. ఆ మర్నాటి నుంచి కొలంబోలో తమిళుల ఇళ్లు తగలబెట్టడంతో మొదలుపెడితే ఇంకోలా, 1981లో జాఫ్నా గ్రంథాలయం కాల్చడంతో మొదలుపెడితే మరోలా, 1956 నాటి సింహళ భాషా చట్టంతో మొదలుపెడితే పూర్తిగా వేరేలా ఉంటుంది. బర్న్స్ వాళ్లు మొదటి భాగాన్ని 1858లో ఫ్రెంచ్‌వాళ్ల రాకతో మొదలుపెట్టింది ఇందుకే. మీరు ఏది ఎంచుకున్నా, మిగతావి మొదటి ఎపిసోడ్‌లోనే రావాలి.

మీకున్న పల్లం ఎటో కూడా చెప్తాను, మీరు గమనించినట్టు మీ ప్రశ్నలో కనిపించలేదు. తెలుగులో తీస్తున్నారు, తెలుగులో మాట్లాడగలిగే సాక్షులు కావాలి. ఎవరు దొరుకుతారు? 1987లో భారత్-శ్రీలంక ఒప్పందం తర్వాత వెళ్లి 1990 మార్చిలో తిరిగొచ్చిన భారత శాంతి సేనలో పనిచేసిన మనవాళ్లు. పశ్చిమ గోదావరిలో మిలిటరీ మాధవరం లాంటి, ఇంటికో సైనికుడున్న ఊళ్లలో అడిగితే అక్కడికి వెళ్లొచ్చినవాళ్ల ఆచూకీ తెలియొచ్చు. వాళ్ల కథ చెప్పాల్సిందే, సుమారు 1,200 మంది భారత సైనికులు అక్కడ చనిపోయారు, మన దగ్గర దాని గురించి మాట్లాడుకునేదే తక్కువ. కానీ 26 ఏళ్ల యుద్ధంలో వాళ్లున్నది మూడేళ్లలోపు. జాగ్రత్త పడకపోతే ఆరు భాగాల్లో నాలుగు భారత సైనికుడి కథ అయిపోతుంది, తమిళ కుటుంబాలు వెనక నిలబడ్డ జనంలా మిగిలిపోతాయి, సింహళ గ్రామాలైతే ఉండనే ఉండవు. మన సైనికులతో మాట్లాడిన ఎపిసోడ్‌లోనే 1987 అక్టోబర్ 21, 22 తేదీల్లో మన సైన్యం ఉండగా జాఫ్నా ఆసుపత్రిలో రోగులు, డాక్టర్లు, నర్సులు చనిపోయిన సంగతి కూడా ఉండాలి. అది పెట్టడం కష్టంగా ఉంటుంది, మీకు ఇంటర్వ్యూ ఇచ్చిన పెద్దాయనకు కోపం రావొచ్చు, ముందే ఆయనకు చెప్పి, ఆయన మాట కూడా రికార్డు చేసి పెట్టండి.

మాజీ సైనికులతో మాట్లాడేటప్పుడు ఒక చిన్న సంగతి. మొదటి గంట ఎవరైనా రెజిమెంట్ భాషలోనే మాట్లాడతారు: ఆర్డర్ వచ్చింది, మూవ్ అయ్యాం, ఆపరేషన్ సక్సెస్. అప్పుడు వాదించకండి. భోజనం ఎలా వచ్చేది, తడిసిన బూట్లు ఎక్కడ ఆరబెట్టుకునేవాళ్లు, ఇంటికి ఉత్తరం ఎన్నాళ్లకు చేరేది, భాష రాని ఊళ్లో నీళ్లు ఎలా అడిగేవాళ్లు అని అడగండి. అక్కణ్నుంచి గొంతు మారుతుంది. కెమెరా ఆపకండి, మధ్యలో కళ్లు తుడుచుకుంటే దగ్గరికి జూమ్ చెయ్యకండి.

డబ్బు సంగతి త్వరగా చెప్తాను. వార్తా ఏజెన్సీల ఫుటేజ్‌కు నిమిషాల లెక్కనో సెకన్ల లెక్కనో కడతారు. టీవీకి వేరే రేటు, యూట్యూబ్‌కు వేరే, ఎన్నేళ్లకు, ఏ దేశాలకు అన్నదాన్ని బట్టి మారుతుంది. రైట్స్ రాతపూర్వకంగా చేతికొచ్చే దాకా ఆ షాట్ మీద సీను కట్టుకోకండి. పాటల జోలికి అసలు వెళ్లకండి, వియత్నాం సిరీస్‌లో ఆ కాలం నాటి పాటలు 120కి పైగా ఉన్నాయి, అది వాళ్ల బడ్జెట్‌కు చెల్లింది. క్రెడిట్ల విషయంలో కూడా జాగ్రత్త: 1972 జూన్ 8న నాపామ్ మంటల నుంచి పరిగెత్తుతున్న చిన్నపిల్ల ఫొటో ప్రపంచమంతటికీ తెలిసిందే, 53 ఏళ్ల తర్వాత 2025లో దాన్ని తీసిందెవరన్న వివాదం వచ్చి వరల్డ్ ప్రెస్ ఫొటో సంస్థ అప్పటిదాకా ఉన్న ఫొటోగ్రాఫర్ పేరును సస్పెండ్ చేసింది, అసోసియేటెడ్ ప్రెస్ వార్తాసంస్థ మాత్రం పాత పేరునే ఉంచింది. ప్రతి బొమ్మకూ ఎవరి దగ్గర్నుంచి, ఎప్పుడు, ఏ రాతతో వచ్చిందో ఒక షీట్‌లో రాసి పెట్టుకోండి, మొదటి రోజు నుంచీ.

శ్రీలంకకు వియత్నాంకు లేని ఇబ్బంది ఒకటుంది. 2009 మేలో యుద్ధం ముగిసిన చివరి రోజుల బొమ్మలు చాలావరకు ఫోన్లలో తీసినవి, కొన్ని చంపినవాళ్లే సరదాకి తీసుకున్నవి. అవి నిజమైనవే అయినా, అందులో ఉన్న మనిషికి ఇప్పుడు ఎక్కడో కుటుంబం ఉంటుంది, వాళ్లు ఎపిసోడ్ చూస్తారు. మీతో మాట్లాడే తమిళ సాక్షికి ఊళ్లో ఇంకా బంధువులుంటారు. మొహం చూపించమని సంతకం పెట్టినా, ఎడిట్ అయ్యాక ఆ భాగం వాళ్లకు చూపించి మళ్లీ అడగండి, వద్దంటే తీసేయండి, ఎంత మంచి సీనైనా సరే. తమిళం, సింహళం రెండూ వచ్చిన మనిషి మీ టీమ్‌లో జీతం మీద ఉండాలి, అనువాదానికి మాత్రమే కాదు, మీరు అడిగే ప్రశ్నల్లో ఏది ఎవరిని ప్రమాదంలో పడేస్తుందో చెప్పడానికి కూడా.

కాబట్టి మొదటి ఆరు నెలలూ ఫుటేజ్ కొనకండి, ఎడిటింగ్ మొదలుపెట్టకండి. వయసు ఎక్కువున్నవాళ్లతో ముందు మాట్లాడి ఆడియో అయినా రికార్డు చేసుకోండి, 1987లో ముప్ఫై అయిదేళ్లున్నవాళ్లు ఇప్పుడు డెబ్బై దాటారు. ఆ తర్వాత ఆరు భాగాలకూ కలిపి ఒక టేబుల్ వెయ్యండి: ఎవరెవరు మాట్లాడుతున్నారు, ఏ పక్షం, ఎన్ని నిమిషాలు, వాళ్ల వైపు బొమ్మలు ఎన్ని ఉన్నాయి. ఖాళీగా ఉన్న గళ్లు ఎవరివో అందులో తేలిపోతుంది. ముందు ఒక్క ఎపిసోడ్ కట్ చేసి ఒక తమిళ కుటుంబానికీ, ఒక మాజీ సైనికుడికీ, ఈ యుద్ధం గురించి ఏమీ తెలియని ఒక కాలేజీ విద్యార్థికీ విడివిడిగా చూపించండి, మీరు గదిలో ఉండండి కానీ మాట్లాడకండి. ఆ టేబుల్ తయారయ్యాక ఇక్కడ పెడితే చూసి చెప్తాను, పేర్లు తీసేసి పెట్టండి.